తూము ఎదుటి వంటిల్లు

చెల్లెలు తనకంటే పెద్దదైపోయింది.

ఆ సంగతి వకుళకు వెంటనే అర్థం కాలేదు. నాదవరంలో గంటలు పోసే పోతశాల తలుపు దాటి, పనివాళ్ళ వంటింటి గుమ్మంలో నిలబడి, పొయ్యి ముందు వంగి ఉన్న ముసలావిడను చూసి, "అమ్మా, సంపెంగ ఎక్కడుంది?" అని అడిగింది.

ముసలావిడ వెనక్కి తిరిగింది. నెరిసిన జుట్టు. వదులైన చెంపలు. చేతిలో గరిటె. ఎడమ కనుబొమ్మ మీద చిన్న మచ్చ. చిన్నప్పుడు వకుళ విసిరిన బొంగరం తగిలి పడ్డ మచ్చ అది.

"వచ్చావా అక్కా? కూర్చో. గనుల్లో రెండేళ్ళు ఏం తిన్నావో ఏమో, పుల్లలా అయిపోయావు."

వకుళ భుజం మీది సంచి జారి కింద పడింది.

"ఏమిటే ఇది? ఏం జబ్బు చేసింది నీకు?"

"జబ్బయితే మందుండేది." సంపెంగ గరిటె పక్కన పెట్టి, మోకాళ్ళు పట్టుకుని మెల్లగా పీట మీద కూర్చుంది. "పోత పోసినప్పుడల్లా ఇంత ఇంత ఆయుష్షు పోతూ వచ్చింది. నాకొక్కదానికే కాదు, ఈ ముందు వరస ఇళ్ళల్లో అందరికీ అంతే. గవరయ్య మేస్త్రి పోయాడు. ముసలితనంతో పోయాడన్నారు. నలభై నిండని వాడికి ముసలితనం ఏమిటని ఎవడూ అడగలేదు."

"నాకు కబురు పెట్టొచ్చు కదే!"

"పెట్టకేం? మీ గురువు ఆచార్యులవారే తన మనిషితో పంపిస్తానన్నారు. పెద్దమనిషి కదా, చెయ్యెత్తి దణ్ణం కూడా పెట్టాను."

అంతలో రాజభవనం వైపు నుంచి గంట మోగింది. గంభీరమైన నాదం. మూడు దెబ్బలు.

"మహారాణి భోజనానికి కూర్చుంది" అంది సంపెంగ. "ఈ పోతశాలలో పోసిన మొదటి గంట అదే. దానితోనే నా జుట్టు నెరవడం మొదలైంది. మంచుతో పని లేదు, ఊరితో పని లేదు. ఆవిడ అన్నం తింటోందని నలుగురికీ తెలియాలి, అంతే."

బయట ఎద్దులబండి ఆగింది. పాతికేళ్ళ కుర్రవాడొకడు గుమ్మంలోకి తొంగిచూసి, "పెద్దమ్మా, కట్టెలు ఎక్కడ దించమంటావు?" అన్నాడు. వకుళను చూసి తల దించుకున్నాడు.

"దొడ్లో దించు నాయనా."

బండి వెనక్కి వెళ్ళాక వకుళ చెల్లెలి మొహంలోకి చూసింది. "వాడు లింగన్న కదూ?"

"ఆఁ. నువ్వు గనులకి వెళ్ళేముందు నీ దగ్గరికొచ్చి నన్ను చేసుకుంటానని అడిగాడే, వాడే. పోత వేళకి బండి బయట ఉంటుంది కాబట్టి వాడికేం కాలేదు. మొదట్లో ఏడ్చాడు. తర్వాత పిలుపు మార్చాడు. వాణ్ణేమీ అనకు అక్కా. ఓ రోజు నోటికి అలా వచ్చేసింది, నేనూ పలికేశాను."

వకుళ ఇంకేమీ వినలేదు. లేచి గంటలు పోసే గోతి వైపు నడిచింది. నడక కాదది, పరుగుకి ఒక్క మెట్టు తక్కువ.

*

ఆ దేశంలో గంట లేకపోతే ఊరు లేదు. లోయల్లోంచి మూగమంచు పైకి పాకుతుంది. అది కమ్మిన చోట ముందు మాట వినబడదు, తర్వాత ఊపిరాడదు. నిలువెత్తు కంచు గంట మోగితేనే వెనక్కి తగ్గుతుంది. కానీ అంత గంట పోశాక మట్టి కింద ఏడాదిపాటు చల్లారాలి. తొందరపడి తవ్వితే పగులుతుంది. గంట చల్లారేలోపే ఊళ్ళకు ఊళ్ళు మంచులో మునిగేవి.

ఆ ఏడాదిని ఎగరగొట్టే దారి కనిపెట్టింది వకుళా, ఆమె గురువు సునాదుడూ. కాలం కూడా నీళ్ళలాగే పల్లానికి పారుతుందని వాళ్ళ సిద్ధాంతం. గనుల్లో దొరికే నిదరరాయితో గోతికి గోడ కడితే, కాలానికి ఆ గోతి పల్లమవుతుంది. గోడలో తూము తెరిస్తే ఎదురుగా ఉన్నదాని కాలం లోపలికి జారుతుంది. గంట ఆ కాలాన్ని తాగి చల్లారిపోతుంది. మరి ఎవరి కాలం అది? కొండది. పుట్టి ఎన్ని యుగాలైందో తెలియని కొండకు ఏడాది పోతే వచ్చే నష్టమేమిటి?

మొదటి ప్రయోగం వకుళ సొంత ఊళ్ళోనే జరిగింది. మూసలపాడు అంటే తాతల నాటి నుంచి గంటలు పోసే ఊరు. తూముని కొండకు ఎదురుగా పెట్టారు. తెల్లవారుజామున తెరిస్తే పొద్దుగూకేసరికి గంట చల్లారింది. కొండ చరియ ఒకటి పిండిలా రాలింది. అంతే నష్టం. గురుశిష్యులిద్దరూ ఆ పిండి ఒళ్ళంతా పూసుకుని గంతులేశారు.

ఇప్పుడు నాదవరం గోతి గట్టు మీద నిలబడి వకుళ తూము వైపు చూసింది. అది కొండ వైపు లేదు. తూర్పున ఉంది. తూముకు ఎదురుగా, పట్టుమని నలభై అడుగులైనా లేని దూరంలో ముందు వరస ఇళ్ళు. నడిమధ్యన సంపెంగ వంటిల్లు. వంటింటి పక్క వేపచెట్టు మోడైపోయి ఉంది. పడమటి వైపున అదే ఏడు నాటిన వేపచెట్టు లేత చిగుళ్ళు వేస్తోంది.

అప్పుడు గుర్తొచ్చింది ఆమెకు విడుపు.

మూసలపాడులో కరిగిన కంచు మూసలోకి దిగగానే ఊరు ఖాళీ చేస్తారు. అదే విడుపు. కంచమ్మ పురిట్లో ఉంటుందట, ఎవరూ ఆ దాపున ఉండకూడదట. పిల్లా పీచూ, గొడ్డూ గోదా, బుట్టల్లో కోళ్ళతో సహా అందరూ ఎదుటి గుట్ట ఎక్కుతారు. అక్కడే వండుకు తింటారు. మూస మీద కాకి వాలితే గానీ దిగరు. ఆ ప్రయోగం నాడు కూడా ఊరంతా అలాగే గుట్టెక్కింది. వకుళా ఎక్కింది, సునాదుడూ ఎక్కాడు. చుట్టుపక్కల ప్రాణమున్నది ఏదీ లేదు కాబట్టి గోతి కొండను తాగింది. ప్రాణముంటే దేన్ని తాగేదో వాళ్ళు చూడనేలేదు. తూము రాళ్ళను లెక్కేశారు, కొండ బరువు లెక్కేశారు. విడుపుని మాత్రం ఊరి ఆచారం అనుకుని వదిలేశారు.

*

సునాదుడు ప్రయోగశాలలో మహాఘంట నమూనా తుడుచుకుంటున్నాడు. అరవై దాటినా ఆయన తలలో ఒక్క తెల్ల వెంట్రుక లేదు.

"రా వకుళా! కొత్త నిదరరాళ్ళు తెచ్చావుగా? రేపే మహాఘంట. నువ్వు లేకుండా ఎలాగా అని బెంగపడ్డాను."

"నా చెల్లెల్ని చూశాను."

ఆయన గుడ్డ మడిచి బల్ల మీద పెట్టాడు. "అలాగా."

"మీకు ఎప్పుడు తెలిసింది?"

"రెండో పోతకి. గోడ మీద పావురం గూడు పెట్టింది. తూము తెరవగానే పిల్లలు పెద్దవై, ముసలివై, గూట్లోనే రాలిపోయాయి. గంట మాత్రం రెప్పపాటులో చల్లారింది. రెప్పపాటులో, వకుళా! కొండలోంచి అయితే రోజంతా పిండాలి. ప్రాణమున్న దాంట్లోంచి అయితే చిటికెలో జారుతుంది. ఇంత పెద్ద సంగతి ఇంకెవరికైనా అందిందా?"

"ఆ సంగతి తెలిసి కూడా వంటిల్లు తూముకి ఎదురుగా ఉంచారా?"

"తెలిశాకే ఆ వరస కట్టించాను. మొదటి గంట నాటికి అక్కడ ఒక్క పాకే ఉండేది."

ఆ పాక సంపెంగదేనని వకుళకు తెలుసు. ఆమె చెయ్యి ఆయన చెంప మీద పడటానికి సిద్ధమైంది. ఎలాగో ఆపుకుంది.

"కోపం వస్తుంది, నాకు తెలుసు" అన్నాడు ఆయన. "కానీ లెక్క తెలిసిన దానివి. ఈ రెండేళ్ళలో నలభై ఊళ్ళు బతికాయి. పాతికమంది తొందరగా ముసలివాళ్ళయ్యారు. ఏది బరువు?"

"వాళ్ళని ఒక్క రోజు గుట్టెక్కిస్తే అదే నలభై ఊళ్ళు బతికేవి కదండీ! ఒక్క రోజు! మా ఊళ్ళో ముక్కు చీదడం రాని పిల్లాడికి కూడా తెలిసిన పని! ఆ ఒక్క రోజు ఆగలేకపోయారా?"

"గంట రెప్పపాటులో లేచిందనుకో, అది మహిమ. రోజంతా కూర్చుని చల్లార్చామనుకో, అది పని. పని చూడ్డానికి మహారాణి రాదు."

వకుళ ఆయన్ని ఎగాదిగా చూసింది. ఇతగాడికా తను పదేళ్ళు పాదాలంటి మొక్కింది?

"మహారాణికి చెప్తాను."

"చెప్పు. కాలం ఇచ్చేది కొండేనని సభలో నిలబడి నిరూపించింది ఎవరు? నువ్వే. ఇప్పుడు కాదంటే నవ్వుతారు. ఆ తర్వాత నీక్కూడా ముందు వరసలో ఓ గది ఇప్పిస్తాను." సునాదుడు సొరుగులోంచి రాగిబిళ్ళ తీసి ఆమె ముందు పెట్టాడు. "తెలివిగా ఉండు. మహాఘంటకు పదేళ్ళ చల్లార్పు కావాలి. రేపటి తర్వాత ముందు వరసలో ఎవరూ మిగలరు. ఈ బిళ్ళ చూపిస్తే కాపలావాళ్ళు ఒక మనిషిని బయటికి వదులుతారు. మీ చెల్లెల్ని తీసుకుపో. బదులుగా రేపు తూము నువ్వు తెరువు. కొత్త రాళ్ళ అమరిక నీకే తెలుసు."

వకుళ బిళ్ళ తీసుకుంది. ఆయన సంతోషంగా నవ్వాడు. ఆమె అరుస్తుందనుకున్నాడు కాబోలు. అరవనందుకు మెచ్చుకున్నాడు కూడా.

*

సంపెంగ ఆ బిళ్ళను అటూ ఇటూ తిప్పి చూసి, దాంతోనే అడుగంటిన కుండ గీకడం మొదలుపెట్టింది.

"ఏమిటే ఆ పని? సాయంత్రంలోపు బయటపడాలి!"

"నేను వెళ్తే వీళ్ళకి ఎవరు వండుతారు? రేపు చావబోయేవాళ్ళకి ఈ పూట పస్తా?"

"సంపీ!"

"బయటికొచ్చి ఏం చెయ్యమంటావు? లింగన్న పెళ్ళికి అక్షింతలు వెయ్యనా? పెద్ద ముత్తయిదువని పీట వేసి కూర్చోబెడతారు, నువ్వు పక్కన నిలబడి విసురు!" సంపెంగ కుండను నేలకేసి కొట్టింది. అది రెండు చెక్కలైంది. పొయ్యి దగ్గరున్న ఇద్దరు ముసలివాళ్ళు ఉలిక్కిపడి చూశారు. వాళ్ళలో ఒకడికి పద్దెనిమిదేళ్ళు.

వకుళ గుమ్మం వైపు తిరిగింది. "వాణ్ణి చంపేస్తానే. ఇప్పుడే వెళ్ళి చంపేస్తాను."

"చంపు. రేపు తూము ఇంకొకడు తెరుస్తాడు. నువ్వు నేర్పించిన వాళ్ళు ఎంతమంది లేరు?" సంపెంగ కొంగుతో మొహం తుడుచుకుంది. "అరవడం నాకొదిలెయ్ అక్కా. నాకు వయసొచ్చింది. నువ్వు బుర్ర వాడు. మన ఊళ్ళో అయితే ఏం చేసేవాళ్ళం?"

"విడుపు. కానీ తలుపులకి తాళం. చుట్టూ భటులు. ఎవర్నీ కదలనివ్వరు."

"మనం కదలలేం, సరే. కదలగలిగిన వాడు ఎవడు?"

వకుళ తలెత్తింది. "సునాదుడు" అంది. పడమటి వేపచెట్టు కింద మహారాణి కోసం వేస్తున్న వేదిక మీంచి సుత్తి దెబ్బలు వినిపిస్తున్నాయి. గోతికి పడమట కూడా ఒక తూము ఉంది. మరమ్మతుల కోసం పెట్టింది, ఎన్నడూ తెరవనిది.

"సంపీ, మూస మట్టి ఉందా ఇక్కడ?"

"పోతశాలలో మట్టికి కరువా? ఎంత కావాలి?"

"రెండు తూములకి సరిపడా. నేను తెచ్చిన రాళ్ళలో పగిలినవి ఉన్నాయి, వాటిని పొడి కొట్టి మట్టిలో కలపాలి. అమరిక చూసుకోవడానికని చెప్పి తూముల్లోకి దిగుతాను. నన్నెవరూ ఆపరు."

సంపెంగ పొయ్యి దగ్గరివాళ్ళ వైపు తిరిగింది. "ఒరేయ్ ముసలీ, రోలు ఖాళీ చెయ్యి. పొడి కొట్టాలి. నీకు పద్దెనిమిదేళ్ళేగా, రోకలి ఎత్తగలవా?"

"నువ్వు ఎత్తితే నేనూ ఎత్తుతా, అవ్వా" అన్నాడు వాడు.

*

మర్నాడు పొద్దు బారెడెక్కేసరికి పడమటి వేదిక నిండిపోయింది. మహారాణి హేమలాంబ నడిమధ్యన, ఆమె పక్కన సునాదుడు. వెనక మంత్రులు, వింజామరలు, పట్టుగొడుగులు. గోతికి అవతల తూర్పున, తాళం వేసిన కటకటాల వెనక, ముందు వరస జనం. సంపెంగ కటకటాలు పట్టుకుని నిలబడింది. ఆమె అక్కడే ఉండటం చూసి సునాదుడి కనుబొమలు ముడిపడ్డాయి. మరుక్షణంలో విడిపోయాయి. ఆయనకేం పోయింది?

కరిగిన కంచు ఎర్రని పాములా మూసలోకి దిగింది. వేడికి గాలి వణికింది.

"మహారాణీ!" సునాదుడు చేతులు జోడించాడు. "పదేళ్ళు పట్టే పని రెప్పపాటులో చూడండి. ఇది కొండ మనకిచ్చే కానుక. ఎవరికీ వెంట్రుకంత నష్టం లేదు. వకుళా, తెరువు."

తూము చక్రం దగ్గరున్న వకుళ వేదిక వైపు తిరిగింది. ఆమె గొంతు అవతలి కటకటాల దాకా వినిపించింది.

"ఒక చిన్న మార్పు ఉంది మహారాణీ. తూర్పు తూము మూసేశాను. పడమటి తూము తెరుస్తున్నాను. మీరు కూర్చున్న వైపుది."

"అయితే ఏమిటి?" అంది మహారాణి.

"ఏమీ లేదు. తూర్పునుంచైనా పడమటినుంచైనా కాలమిచ్చేది కొండే కదా. ఆచార్యులవారిని అడగండి."

చక్రం ఒక చుట్టు తిప్పింది. ఇనుము కిర్రుమంది.

సునాదుడు లేచాడు. వింజామర పట్టుకున్న పిల్లను మోచేత్తో తోసేశాడు. మెట్ల మీంచి కాక నేరుగా వేదిక మీంచే దూకాడు. తలపాగా ఊడి పడింది. ఉత్తరీయం గొడుగుకర్రకు చిక్కుకుంటే అక్కడే వదిలేశాడు. అరవయ్యేళ్ళ మనిషి లేడిలా గట్టు మీద పడి పరుగు తీశాడు.

వకుళ రెండో చుట్టు తిప్పింది.

"ఆపవే! ఆపు, రాక్షసీ!" దూరం నుంచి అరిచాడు ఆయన. "మహారాణీ, దిగండి! ముసలై చచ్చిపోతారు! దిగండి!"

వేదిక మీద అందరూ రాళ్ళయిపోయారు. తర్వాత ఒక్కసారిగా తొక్కిసలాట. మహారాణి మాత్రం లేవలేదు. భయం లేక కాదు, పట్టుచీర కుచ్చిళ్ళు మంత్రి కాళ్ళ కింద ఉన్నాయి.

వకుళ చక్రం వదిలేసింది. "కూర్చోండి. ఎవరికీ ఏమీ కాదు. రెండు తూములూ మట్టితో పూడ్చేశాను. ఏడు చుట్లు తిప్పినా చినుకు కాలం కూడా జారదు."

మహారాణి పారిపోతున్న ఆచార్యుణ్ణి చూసింది. కటకటాల అవతలి నెరిసిన తలలను చూసింది. భటులకు సైగ చేసింది. కొందరు సునాదుడి వెంట పడ్డారు, కొందరు తాళాలు తీశారు. ముందు వరస జనం ఒకరినొకరు పట్టుకుని మెల్లగా గట్టెక్కారు.

మహారాణి సంపెంగను దగ్గరికి పిలిచింది. "నీ వయసెంత అవ్వా?"

"ఇరవై నాలుగు, మహారాణీ."

మహారాణి కళ్ళు దించుకుంది. తర్వాత, "మరి నా గంట సంగతేమిటి?" అని అడిగింది.

వకుళకు నవ్వొచ్చింది. ఆ నవ్వు చూసి పక్కనున్న భటుడు ఒక అడుగు వెనక్కి వేశాడు.

"చల్లారుతుంది. ఉత్తరాన కొండ వైపు కొత్త తూము కొడతాను. ముందు ఇక్కడున్న ప్రాణులన్నీ దక్షిణాన ఎదుటి గుట్ట ఎక్కాలి. మీ ఏనుగులతో సహా. కొండకు ఎన్ని రోజులు పడితే అన్ని రోజులు ఆగాలి. అంతవరకూ మహిమలు ఏమీ ఉండవు. పని ఉంటుంది. చూస్తే చూడండి, లేకపోతే లేదు."

*

సునాదుణ్ణి పట్టుకెళ్ళారు. ఏ శిక్ష పడిందో వకుళ అడగలేదు. ఏ శిక్ష పడితే చెల్లెలి జుట్టు నల్లబడుతుంది? పారిన కాలం ఎదురు పారదు. ఆ మాట రాసిందీ తనే.

విడుపు మొదలయ్యే రోజున ఆమె ఒక్కతే రాజభవనం గంటగోపురం ఎక్కింది. ఎవర్నీ అనుమతి అడగలేదు. మెట్ల మీద కాపలావాడు ఆమె మొహం చూసి పక్కకు తప్పుకున్నాడు. దిగేటప్పుడు ఆమె భుజం మీద గంట నాలుక ఉంది. రోకలంత పొడుగు, నిండు కంచు.

గుట్ట మీద ఎక్కడ చూసినా పొయ్యిలు. బుట్టల్లో కోళ్ళు, చెట్లకు కట్టిన ఎద్దులు, దూరంగా మహారాణి డేరా, దాని పక్కన గొణుక్కుంటూ ఆవిడ ఏనుగులు. లింగన్న కట్టెలమోపు నెత్తిన పెట్టుకుని సంపెంగ పొయ్యి ముందుకొచ్చి నిలబడ్డాడు. నోరు తెరిచాడు, మూశాడు. చివరికి, "సంపెంగా, ఇవి ఎక్కడ దించను?" అన్నాడు.

"ఇప్పుడు గుర్తొచ్చిందా పేరు? నా నెత్తిన దించు!" అంది ఆమె. వాడు తల వంచుకుని మోపు దించి, అక్కడే గొంతుక్కూర్చుని పొయ్యి ఊదడం మొదలుపెట్టాడు. ఆమె పొమ్మనలేదు. ఉండమనీ అనలేదు.

వకుళ కంచు నాలుకను రోలు పక్కన పడేసింది. "ఇదిగో."

"ఏమిటిది?"

"నీ జుట్టు నెరిసేలా చేసిన గంట నాలుక. గుట్ట మీదనుంచి లోయలోకి విసిరేస్తావో, ఏం చేస్తావో నీ ఇష్టం."

సంపెంగ దాన్ని రెండు చేతులా ఎత్తి బరువు చూసింది. "ఇంత మంచి కంచు విసరడమేంటి, నీ బుర్ర పాడైందా? నా ఏళ్ళు తింది కదా, పని చెయ్యనీ." రోట్లో ఎండుమిరపకాయలు పోసింది. నాలుక ఎత్తి దంచింది. అంచుకు తగిలి అది ఖంగుమంది. ఘాటు లేచి చుట్టూ ఉన్నవాళ్ళందరికీ పొలమారింది. కింద నాదవరంలో పొద్దు నడినెత్తికొచ్చింది. రాజభవనం వైపు నుంచి చప్పుడు లేదు.

సంపెంగ రోటి అంచు మీద కావాలని గట్టిగా కొట్టింది. ఒకటి. రెండు. మూడు. ఆ నాదం గుట్టంతా పాకింది. ముందు వరస జనం చేతులు కడుక్కుని ఆకులు పట్టుకుని వచ్చేశారు.

"ముందు మావాళ్ళు తింటారు" అంది సంపెంగ, ఏనుగుల వైపు నుంచి చూస్తున్న భటులతో. "ఆవిణ్ణి కాస్త ఆగమని చెప్పండి."